ఖెక్ అనకూడని అడవి

అనగనగా ఒక పెద్ద అడవి. ఎంత పెద్దదంటే దానికో సభ ఉండేది, సభకో అధ్యక్షుడు ఉండేవాడు, ఆ అధ్యక్షుడు పడుకోవడానికి నున్నటి బండరాయి కూడా ఉండేది. ఇన్ని ఉన్నాక ఒక అడవికి ఇంకేం కావాలి చెప్పండి?

కానీ సభకు తెలియకుండా ఆ అడవిలో ఒక పని జరుగుతుండేది. కొండముచ్చులు చెట్లెక్కి చిగుళ్ళు తినేవి. తిన్నంత తిని, మిగతావి కొరికి కింద పారేసేవి. కింద దుప్పులు వాటిని మేసేవి. ఊరికే మేసేవి కావండోయ్. గాలిలో చిరుత వాసన తగిలితే దుప్పి కాలితో నేలను టపటపా తన్నేది. పైన కొండముచ్చులు పిల్లల్ని పొట్టకు కరుచుకుని చిటారుకొమ్మకు పాకేవి. అలాగే పొదలో చిరుత తోక కనపడితే పైనుంచి కొండముచ్చు ‘ఖెక్!’ అనేది. అంతే. ఒక్క ‘ఖెక్’. కింద దుప్పులన్నీ ఒక్క దూకుతో మాయమయ్యేవి.

ఈ పనికి పేరు లేదు. పేరు లేదు గనక సభలో దీనిమీద చర్చ లేదు. చర్చ లేదు గనక పని సాఫీగా సాగిపోయేది.

ఇలా సాఫీగా సాగేదాన్ని పాడు చెయ్యాలంటే ఎవరో ఒక పెద్దమనిషికి అవమానం జరగాలి. జరిగింది. శృంగారావుకి.

శృంగారావు దుప్పుల పెద్ద. ఆయన కొమ్ములు నిజంగానే బాగుంటాయి, కాదనను. వాటి కింద ఉన్న బుర్ర ఇంకా బాగుంటుందని ఆయన నమ్మకం. ఆ ఏడు సభాధ్యక్షుడు ఎలుగుబంటి భల్లూకయ్య దిగిపోతున్నాడు. ఆ బండరాయి మీద శృంగారావు కన్ను పడింది. ఓట్ల కోసం ‘ధైర్యం’ అనే అంశం మీద ఉపన్యాసం పెట్టుకున్నాడు.

"భయమనేది నా రక్తంలోనే లేదు!" అని ఆయన కొమ్ములు పైకెత్తాడో లేదో, పక్కన మద్దిచెట్టు మీంచి తోకమ్మ ‘ఖెక్!’ అంది. తోకమ్మ అంటే కొండముచ్చుల్లో పెద్దావిడ. ఆవిడకి పొదలో ఏదో మెదిలినట్టనిపించింది.

తర్వాత ఏం జరిగిందో శృంగారావుకి గుర్తులేదు. తెలివొచ్చేసరికి వాగు అవతల ఉన్నాడు. ఉపన్యాసం సగం ఇంకా నోట్లోనే ఉంది.

ప్రాణం దక్కింది గానీ పరువు పోయింది. ఆ రోజునుంచి అడవిపంది ఆయన ఎదురుపడినప్పుడల్లా "ఖెక్" అని ఆగేది. శృంగారావు ఉలిక్కిపడేవాడు. పంది పొట్ట చేత్తో పట్టుకుని నవ్వేది. ఒకసారైతే మనిషి, అదే, దుప్పి, నిజంగానే రెండు బారలు పరిగెత్తి, ఆనక గడ్డి బాగుందని చూడ్డానికొచ్చినట్టు నటించాల్సొచ్చింది. ఛీ, ఇదీ ఒక బతుకేనా?

శృంగారావు తిన్నగా జెముడుకాకి గంభీరయ్య దగ్గరికి వెళ్ళాడు. గంభీరయ్యకు పెద్దగా ఎగరడం రాదు గానీ గొంతు ఉంది చూడండీ, పొదలో కూర్చుని "ఊప్" అన్నా లోతైన సంగతేదో చెప్పాడనుకుని జంతువులు ఆగి తలలూపేవి.

"గంభీరయ్యగారూ, ఈ కోతికూత వినలేక చస్తున్నాను. మర్యాదగా ఉండే మాటేదైనా చెప్పండి" అన్నాడు శృంగారావు.

గంభీరయ్య కళ్ళు మూసుకుని, గొంతులో గాలి నింపుకుని, "అంతస్సంధానం" అన్నాడు.

శృంగారావు ఒళ్ళు పులకరించింది. "ఆహా! అంటే ఏమిటండీ?"

"పైకి కనపడకుండా లోలోపల ఒకదానితో ఒకటి ముడిపడి ఉండటం. మట్టికింద చెట్లవేళ్ళు అల్లుకున్నట్టు. చాలా అరుదైన మాట. ఇంతవరకూ ఎవరూ వాడలేదు, అందుకే కొత్తగా ఉంది."

"మరి మేమూ కొండముచ్చులూ చేస్తున్నది అదే కదండీ?"

"చేస్తున్నారు. కానీ మాట లేకుండా చేస్తున్నారు. మాట లేకుండా చేస్తే అది అలవాటు. మాటతో చేస్తే అది విధానం."

శృంగారావు వంగి దణ్ణం పెట్టాడు. ఆ మాట పట్టుకుని సభకు వెళ్ళాడు.

సభలో మాట విని అందరికీ ముచ్చటేసింది. ఎవరికి తోచిన అర్థం వాళ్ళు చెప్పుకున్నారు. నక్క లేచి, "పెద్దలు తినగా మిగిలింది నేను తింటున్నాను. ఇదీ అంతస్సంధానమేనా?" అని అడిగింది. "ఒక రకంగా అవును" అన్నాడు గంభీరయ్య. నక్క అప్పటిదాకా తనను తాను దొంగ అనుకుంటోంది పాపం. ఎంత సంతోషించిందో. అడవిపంది తన మామ గడ్డలు తవ్వుకొచ్చి తనకు పెట్టడం కూడా ఆ మాట కిందికే వస్తుందంది. భల్లూకయ్య నిద్రలో "కానివ్వండి" అన్నాడు.

అప్పుడు లేచాడు చిరుత మృదుపాదంగారు.

ఆయనా సభ్యుడే. సభ జరిగే చోట వేట నిషిద్ధం. ఆ చోటు దాటాక ఎవరి భోజనం వాళ్ళది. మృదుపాదంగారి కళ్ళు చెమర్చి ఉన్నాయి.

"ఎన్నాళ్ళకు విన్నాను ఇంత మంచి మాట! చూడండి, నేను నాదారిన నేను నడిచి వస్తుంటాను. ఒక పలకరింపా, ఒక మర్యాదా? చెట్టెక్కి మొహాన ‘ఖెక్’ అంటారు. నాకు మనసు లేదా? వచ్చేవాణ్ణి పేరు పెట్టి, ‘గారు’ అని, నిండైన వాక్యంలో పరిచయం చేస్తే ఎంత బాగుంటుంది!"

సభ మొత్తం సిగ్గుపడింది. నిజమే, పాపం, ఇన్నాళ్ళూ ఆయన్ని ఎంత నొప్పించాం అనుకున్నారు.

అప్పటికప్పుడే నియమం తయారైంది. ఇకపై ఎవరైనా వస్తున్నట్టు చూసినవారు "అంతస్సంధాన పూర్వకంగా సమస్త జీవులకూ విన్నవించుకొనునది ఏమనగా" అని మొదలుపెట్టాలి. తర్వాత వచ్చేవారి పేరు, చివర ‘గారు’, తర్వాత దిక్కు. చెప్పడం పూర్తయ్యేదాకా కిందివాళ్ళు తలలు వంచి నిలబడి వినాలి. మాట తడబడితే మళ్ళీ మొదటినుంచి చెప్పాలి. ‘ఖెక్’ అన్నవాళ్ళు ఏ పదవికీ పనికిరారు. ఈ చివరిది శృంగారావు స్వయంగా చేర్చాడు, అడవిపంది వైపు చూస్తూ.

తోకమ్మ చెట్టుమీంచి తొంగిచూసింది. "శృంగారావన్నా, ఇదంతా చెప్పేసరికి ఆయనగారు వచ్చి, తిని, మూతి కూడా తుడుచుకుంటారు కదయ్యా?"

"తొందరపాటు అనాగరికం తోకమ్మా."

"సరే. మాదేం పోయింది. మేం పైన ఉండేవాళ్ళం" అంది తోకమ్మ.

ఇంటికెళ్ళి శృంగారావు భార్య చుక్కమ్మకు ఈ సంగతి చెప్పాడు. చుక్కమ్మ పిల్లను నాకుతోంది. లేక లేక పుట్టిన పిల్ల, పేరు బొట్టు. నడక ఇంకా సరిగా రాలేదు. గంతు వెయ్యబోతే నాలుగు కాళ్ళూ నాలుగు వైపులకు పోతాయి. శృంగారావుకి ఆ పిల్లంటే పంచప్రాణాలు.

"ఏమయ్యా, నీకు బుద్ధుందా? ఆ చిరుత మెచ్చుకున్నాడంటేనే నీకు అనుమానం రాలేదూ?" అంది చుక్కమ్మ.

"నీకు భాష విలువ తెలీదే."

"నాకు పిల్ల విలువ తెలుసు" అని అటు తిరిగింది.

ఇక చూస్కోండి, అడవి నిండా అంతస్సంధానమే. పెళ్ళిలో అదే, చావులో అదే. ఇద్దరు కొట్టుకుంటే అది లోపించింది అన్నారు, కలిసి దొంగతనం చేస్తే అది కుదిరింది అన్నారు. మాట ఎక్కడ పెట్టినా అతికింది. అలా అన్నిచోట్లా అతికే మాట దొరకడం ఎంత అదృష్టం!

మధ్యలో దుప్పుల మందలో ఒక ముసలి మేనత్త కనపడకుండా పోయింది. కొండముచ్చు విన్నపం పూర్తిగా చెప్పిందట, మేనత్త తలవంచి పూర్తిగా విందట, ఎవరిదీ తప్పు లేదు. సంతాపసభలో మృదుపాదంగారే మాట్లాడారు. "ఆవిడ ఎక్కడికీ వెళ్ళలేదు. లోపలే ఉంది" అని గుండె మీద చెయ్యి వేసుకున్నారు. చెయ్యి కొంచెం కిందికి జారింది. అందరూ కళ్ళు తుడుచుకున్నారు.

ఆ రోజు శృంగారావుకి, నిజం చెప్పాలంటే భయమేసింది. కానీ ఎన్నికలు దగ్గరికొచ్చాయి. ఇంత గొప్ప మాట తెచ్చిన వాడికి కాక ఎవరికి వేస్తారు ఓటు? గెలిచాడు. అడవిపంది కూడా ఆయనకే వేసింది.

ప్రమాణస్వీకారం సభాస్థలంలో కాకుండా పచ్చికబయల్లో పెట్టమని మృదుపాదంగారు సలహా ఇచ్చారు. జనం ఎక్కువొస్తారు, ఇరుకవుతుంది అన్నారు. ఆయనకెప్పుడూ జనం గురించే ఆలోచన.

ఆ రోజు శృంగారావు అక్కడున్న ఒక రాతి మీద నిలబడ్డాడు. కొమ్ములకి ఇప్పపూల దండ వేశారు. ముందు వరసలో భల్లూకయ్య, గంభీరయ్య కూర్చున్నారు. వెనక దుప్పుల మంద ఉంది. మంద చివర, గడ్డి ఒత్తుగా ఉన్నచోట చుక్కమ్మ నిలబడింది. బొట్టు అమ్మ కాళ్ళ మధ్యనుంచి బయటికొచ్చి గంతులు ప్రాక్టీసు చేస్తోంది. మృదుపాదంగారి చోటు మాత్రం ఖాళీగా ఉంది. ఆయనకు ఒంట్లో బాగాలేదని నక్క చెప్పింది.

"అంతస్సంధానం అనే మహత్తర భావన" అని శృంగారావు మొదలుపెట్టాడు.

"అంతస్సంధాన పూర్వకంగా," అని మద్దిచెట్టు మీంచి తోకమ్మ గొంతు వినిపించింది.

దుప్పులన్నీ బుద్ధిగా తలలు దించాయి. శృంగారావు కూడా మాట ఆపి, తల కొంచెం దించి, ముచ్చటపడ్డాడు. ఆడదానికి ఉచ్చారణ ఎంత బాగా అలవాటైంది!

"సమస్త జీవులకూ విన్నవించుకొనునది ఏమనగా, మృదుపాదం..."

"గారు! గారు అనలేదు. మొదటినుంచి" అన్నాడు గంభీరయ్య.

"అయ్యో నీ గొంతు మండ! అంతస్సంధాన పూర్వకంగా సమస్త..."

తోకమ్మ గొంతు వణుకుతోంది. ఆ వణుకు విని శృంగారావు తలెత్తాడు. మంద అంతా తలలు దించుకుని ఉంది గనక రాతి మీద నిలబడ్డ ఆయనకొక్కడికే కనిపించింది. మంద చివర గడ్డి మెల్లగా విడిపోతోంది. గాలి లేదు. గడ్డి విడిపోతున్న దారికి ఎదురుగా బొట్టు నాలుగు కాళ్ళూ నాలుగు వైపులా పెట్టుకుని, లేవలేక నవ్వుతోంది.

శృంగారావు నోరు తెరిచాడు. "అంతస్..." అన్నాడు. ఆ మాట ఎంత పొడుగ్గా ఉందో ఆయనకి అప్పుడు తెలిసింది. ఇంకా ‘సంధానం’ ఉంది, ‘పూర్వకంగా’ ఉంది, సమస్త జీవులున్నారు, ఆ తర్వాత ఎప్పటికో గానీ సంగతి తన పిల్ల దాకా రాదు.

"ఖెక్!" అన్నాడు శృంగారావు.

దుప్పి గొంతులో కోతికూత. ఎంత దరిద్రంగా వచ్చిందంటే, భల్లూకయ్యకు కూడా మెలకువొచ్చింది. "ఖెక్! ఖెక్! ఖెక్!" అంటూ దండ తెగి పూలు దారంతా రాలుతుంటే, రాయి దిగి, మందకు ఎదురు పరిగెత్తాడు. ఇన్నాళ్ళూ దించి ఉన్న తలలన్నీ ఒక్కసారి లేచాయి. చుక్కమ్మ పిల్లను మూతితో ఒక్క తోపు తోసింది. బొట్టు పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి గంతు సరిగ్గా వేసింది. మృదుపాదంగారు గడ్డిలోంచి దూకి, ఎవరూ లేని చోట పడ్డారు. నోటినిండా ఇప్పపూలు మిగిలాయి.

మర్నాడు సభ కూడింది. మృదుపాదంగారు కుంటుతూ వచ్చారు. "నాకు ఆకలి మామూలే. నా బాధ అది కాదు. అధ్యక్షుడే, రాతి మీద నిలబడి, ప్రమాణం చేస్తూ, ఆ మాట అన్నాడు. పిల్లలు విన్నారు!" అన్నారు.

గంభీరయ్య నియమం చదివాడు. ‘ఖెక్’ అన్నవాళ్ళు ఏ పదవికీ పనికిరారు. శృంగారావు తలూపాడు. అది తను చేర్చిందే మరి. అడవిపంది మాత్రం "పిల్లకోసం అన్నాడు కదయ్యా" అని గొణిగింది. అది గొణుగుడు గనక లెక్కలోకి రాలేదు.

ఖాళీ అయిన పదవికి మృదుపాదంగారిని ఏకగ్రీవంగా ఎన్నుకున్నారు. ఆ అడవిలో ‘ఖెక్’ అనే అవసరం ఎన్నడూ రాని ప్రాణి ఆయనొక్కడే.

శృంగారావు తలొంచుకుని ఇంటికొచ్చాడు. చుక్కమ్మ తిడుతుందని చూశాడు. ఆవిడ తిట్టలేదు. ఆయన కొమ్ములకి ఇంకా వేలాడుతున్న తెగిన దండ పీకేసి, రెండు పూలు నమిలింది.

"అన్నా," అని పైనుంచి తోకమ్మ పిలిచింది. "నీ ఖెక్ ఏం బాగాలేదయ్యా. ముక్కుతో అన్నావు."

"నేర్చుకుంటాలే."

"ఎందుకూ, మేం లేమా?"

బొట్టు తండ్రి కాళ్ళ దగ్గరికొచ్చి, "నాన్నా, అంతస్సంధానం అంటే ఏమిటి?" అని అడిగింది.

శృంగారావు చెప్పబోయాడు. ఇంతలో పైనుంచి సగం కొరికిన చిగురు ఒకటి వచ్చి వాళ్ళ ముందు పడింది.

"తిను" అన్నాడు.

కొత్త అధ్యక్షులవారి ఆధ్వర్యంలో అంతస్సంధాన ఉత్సవాలు ఇప్పటికీ ఏటా ఘనంగా జరుగుతున్నాయి. దుప్పులు మాత్రం రావడం లేదు. వాళ్ళకు సంస్కారం తక్కువని గంభీరయ్య బాధపడుతుంటాడు.

ఇందులో నీతి: ప్రాణం కావలసినవాడు గొంతు చించుకోవాలి, పదవి కావలసినవాడు ఉచ్చారణ సరిచూసుకోవాలి.