ఫినాయిలుతో కడిగిన గ్యాసు తొట్టి

"మానవజాతి భవిష్యత్తు యావత్తూ అరటి తొక్కలోనే ఉంది!"

ఇలా సెలవిచ్చిన సూపరింటెండెంటుగారు ఆ తొక్కని రెండు వేళ్లతో పట్టుకుని వంటక్కకి అందించి, వెంటనే వెళ్లి చేతులు కడుక్కున్నారు.

ఆఫీసు క్యాంటీన్లో వంటక్కది ఏడేళ్లుగా టెంపరరీ ఉద్యోగం. పెరట్లో చెత్త నుంచి వంటగ్యాసు తీయడానికి కొత్తగా కట్టిన తొట్టి ప్రారంభోత్సవం నాడు పొయ్యి వెలిగితే పర్మనెంటు, లేకపోతే ఇంటికి! అందుకే ఆవిడ నలభై రోజులుగా ఆ తొట్టిని పసిబిడ్డలా సాకుతోంది. మొదట పేడనీళ్లు పోసింది. తరవాత రోజూ కూరగాయల చెత్తా, మిగిలిన అన్నమూ మెత్తగా నలిపి, అన్నే నీళ్లు కలిపి పోసి మూత బిగించేది. మొన్ననే మొదటిసారి నీలం మంట వచ్చింది.

ప్రారంభోత్సవం రెండు రోజులుందనగా సూపరింటెండెంటుగారు ముక్కుకి రుమాలు కట్టుకుని తనిఖీకి వచ్చారు.

"ఏంటక్కా ఈ కంపు? పెద్దాఫీసరుగారు వస్తున్నారు!"

"కుళ్లితేనే కదండీ గ్యాసు! కంటికి కనపడని పురుగులు లోపల ఆ పనిలోనే ఉన్నాయి. వాటికి గాలి తగలకూడదు, వెచ్చగా ఉండాలి, ఎవరూ కదపకూడదు."

"అచ్చం మా సెక్షన్లాగే! అయినా గవర్నమెంటు ఆవరణలో పురుగులా? పరువేం కాను!"

సాయంత్రానికల్లా తొట్టి ఖాళీ చేయించి, ఆరు సీసాల ఫినాయిలు పోసి కడిగించి, లోపల కూడా ఆకుపచ్చ రంగు వేయించారు. వంటక్క నీరుగారిపోయింది.

"ఇంక మంటెలా వస్తుందండీ?"

"పరదా వెనక సిలిండరు పెట్టిస్తున్నాగా!"

పెద్దాఫీసరుగారు వచ్చి మీట తిప్పగానే పొయ్యి భగ్గుమంది. చప్పట్లు! ఆ చప్పట్ల చాటున వంటక్క మెల్లగా అడిగింది.

"పొయ్యి వెలిగింది. నా పర్మనెంటు కాగితం?"

"వెలిగింది సిలిండరక్కా, తొట్టి కాదు. మనిషన్నాక ఆ మాత్రం నిజాయితీ ఉండాలి!"

ఈలోగా పెద్దాఫీసరుగారు పొంగిపోయారు. "ఇసుమంతైనా వాసన లేదే! నెలన్నరలో కమిటీని తీసుకొస్తాను. వాళ్ల భోజనం ఈ పొయ్యి మీదే వండాలి. పూచీ మీదే! అన్నట్టు ఆ పరదా తీయించెయ్యండి, గాలాడట్లేదు."

సూపరింటెండెంటుగారి ముఖంలో నెత్తురుచుక్క లేదు. ఆఫీసరుగారి కారు గేటు దాటీ దాటకముందే వంటింట్లోకి పరిగెత్తారు. వంటక్క సంచీ సర్దుకుంటోంది.

"ఎక్కడికక్కా? మళ్లీ మొదలుపెట్టాలి కదా!"

"పెడదాం. ముందు సంతకం పెట్టండి."

పెట్టారు. పర్మనెంటు ఉద్యోగిగా వంటక్క ఇచ్చిన మొదటి ఆజ్ఞ పేడ తెమ్మని!

మర్నాడు పొద్దున్నే సూపరింటెండెంటుగారు చొక్కా చేతులు మడిచి, బకెట్టు మోసుకుంటూ వరండాలోంచి వస్తుంటే హెడ్డు గుమస్తా ముక్కు మూసుకున్నాడు.

"ఏంటి సార్ ఈ కంపు?"

"కంపా?" సూపరింటెండెంటుగారు బకెట్టు కింద పెట్టి, గుండెల నిండా గాలి పీల్చి, ఎర్రబడ్డ కళ్లతో అతన్ని ఉరిమి చూశారు. "నాకేం రావట్లేదే!"