ఈ వారం పాపి

"ఈ దేశాన్ని బాగుచేసే శక్తి ఇక దయ్యాలకే ఉంది!"

ఈ మహావాక్యాన్ని సీనియర్ అసిస్టెంటు కురుమయ్య ఒక ఆదివారం సాయంత్రం తన ఇంటి సోఫాలో కూర్చుని, ఒళ్లో వేయించిన పల్లీల గిన్నె పెట్టుకుని ప్రకటించాడు. ఆయన పనిచేసే ఆఫీసు వనపర్తికీ నాగర్‌కర్నూలుకూ నడుమ ఎక్కడో ఉంది. ఊరి పేరు మాత్రం అడక్కండి. చెబితే మెమో వస్తుంది.

ఆయనది ఉత్తమాట కాదు, రుజువులున్నాయి. టీవీలో ప్రతి ఆదివారం 'ఈ వారం పాపి' అని వస్తుంది. వారానికో కొత్త కథ, ఓ కొత్త పాపి, ఓ కొత్త చావు. పాపి ఊరికి ఏం చేశాడో దయ్యమొచ్చి వాడికి అదే చేస్తుంది. చూసేవాళ్లు మొదట భయంతో దుప్పటి కప్పుకుంటారు, తర్వాత అదే దుప్పటి నోట్లో కుక్కుకుని నవ్వుతారు. చావు భయంకరంగా ఉంటుంది, చచ్చేది మాత్రం మనం కాదు. పైగా వాడు అచ్చం పక్కింటివాడిలా ఉంటాడు. ఇంతకంటే కమ్మని కాలక్షేపం ఇంకేముంటుంది!

ఒకసారి పాలల్లో నీళ్లు కలిపేవాడి కథ వచ్చింది. చచ్చిన బర్రె తిరిగొచ్చి వాణ్ణి గుంజకు కట్టేసి పిండింది. నీళ్లే వచ్చాయి! మర్నాడు కాలనీలో బుచ్చన్న పోసిన పాలు ఎంత చిక్కగా ఉన్నాయంటే, కురుమయ్య భార్య జోగులమ్మ ఇదేదో కొత్తరకం కల్తీ అనుకుని పారబోయబోయింది. ఆటోల కథ వచ్చిన మర్నాడు ఆటోలో ముగ్గురే కూర్చున్నారు. నాలుగోవాణ్ణి డ్రైవరే దండం పెట్టి దింపేశాడు.

'మీకు తెలిసిన పాపి కథ మాకు పంపండి' అని తెర కింద ఒక వాట్సాప్ నంబరు తిరుగుతుంటుంది. పాల కథ పంపింది తానేనని కురుమయ్య కాలనీలో చెప్పాడు, ఆఫీసులో చెప్పాడు, పనిమీద వచ్చినవాళ్లందరికీ చెప్పాడు. పని చేయకపోతే మానె, కథయినా చెప్పి పంపాలి కదా!

అందరికన్నా ఎక్కువసార్లు విన్నది పెంటమ్మ. మొగుడు చనిపోయి ఏడాది దాటింది. చావు సర్టిఫికెట్ ఉంటే తప్ప ఆమెకు పింఛను రాదు. ఆ ఫైలు కురుమయ్య బీరువాలో ఉంది. ఆమె వచ్చినప్పుడల్లా కొంగున కట్టుకొచ్చిన పల్లీలు బల్ల మీద పెట్టేది. ఆయన వాటిని సొరుగులోకి తోసి, "రేపు రా పెంటమ్మా" అనేవాడు. ఊరికే పంపడం బాగుండదని, "నీకు తెలిసిన పాపులుంటె నువ్వు గూడ పంపు. సమాజం బాగుపడాలె గద!" అని ధైర్యం చెప్పేవాడు. సోఫాలో ఆయన నములుతున్నవి ఆ పల్లీలే.

పెద్ద టీవీ ఆయనదే కాబట్టి ఆ ఆదివారం కూడా కాలనీ అంతా ఆ హాల్లోనే ఉంది. బొమ్మ మొదలైంది. తెర మీద ఒక ఆఫీసు, అందులో ఒక బీరువా. దాని పక్కన ఒక సీనియర్ అసిస్టెంటు!

కురుమయ్య గొంతులో పల్లీ అడ్డం పడింది.

కథలో ఆ క్లర్కు చావు సర్టిఫికెట్ ఇవ్వకుండా తిప్పుతుంటాడు. ఒకరోజు చచ్చినవాడే ఆఫీసుకొస్తాడు. "మీ లెక్కల నేనింక బతికే ఉన్న గద సారూ! ఇంట్ల ఊకె గూసునుడెందుకని వచ్చిన" అని పక్క కుర్చీలో కూర్చుంటాడు. క్లర్కు టిఫిన్ సగం తింటాడు. సాయంత్రం వెంటే ఇంటికెళ్లి మంచంలో సగం ఆక్రమిస్తాడు. చివరికి క్లర్కు గుండె ఆగి చస్తాడు. శ్మశానం గేటు దగ్గర పాత శవాలు నిలదీస్తాయి: "సర్టిఫికెట్ ఉన్నదా?" లేదు! "నీ సీట్ల ఎవ్వరు లేరంట. రేపు రా!"

హాలంతా పగలబడి నవ్వింది. అందరికన్నా గట్టిగా నవ్విన బుచ్చన్న టీవీ వంక చూడనేలేదు, కురుమయ్య వంకే చూశాడు.

"సారూ, గా బీరువ అచ్చం మీ ఆఫీసుదే గద!"

"ఊకో బుచ్చన్నా! మా ఆయన గసొంటోడు కాదు" అంది జోగులమ్మ. అని, వంటింట్లోకి పోయి తనివితీరా నవ్వుకుని వచ్చింది.

ఆ రాత్రి కురుమయ్యకు మంచంలో పక్కన ఎవరో పడుకున్నట్టే అనిపించింది. పడుకున్నది జోగులమ్మే. అయినా నమ్మకం కుదరలేదు.

సోమవారం అటెండరు కన్నా ముందే ఆఫీసుకెళ్లి బీరువా తెరిచాడు. తల ఎత్తకుండా రాసి, మధ్యాహ్నానికల్లా ఫైళ్లన్నీ పెద్దసారు బల్ల మీదికి పంపేశాడు. పెంటమ్మ గుమ్మంలో కనబడగానే లేచి నిలబడ్డాడు.

"కూసో పెంటమ్మా. నీ పనైంది. పెద్దసారు సంతకమొక్కటే ఉన్నది."

పెంటమ్మ హడలిపోయింది. "ఈసారి పల్లీలు తేలే సారూ! చేన్ల పల్లి ఇంక పీకలే!"

ఆ మాటకు కురుమయ్యకు నిజంగానే సిగ్గేసింది. ఏదో అనబోయేలోగా పెద్దసారు పిలిచాడు.

పెద్దసారు శ్రవణ్ కుమార్ ఫైళ్ల గుట్ట వెనకనుంచి తల పైకెత్తాడు.

"ఏంది కురుమయ్యా గిది? గిన్ని ఫైళ్లు ఒక్కసారె ఎట్ల కదిలినయి? ఎంత తిన్నవ్?"

"ఏం తినలే సార్! ఒట్టు!"

శ్రవణ్ కుమార్ ముఖం పాలిపోయింది. "తినకుండనే చేసినవా? ఎవరు నేర్పిండ్రయ్యా నీకు గిసొంటియి? రేపటి సంది జనం అందరినీ గిట్లనే చెయ్యమంటరు!"

అక్కడికక్కడే మెమో తయారైంది. 'కార్యాలయ ఆనవాయితీకి విరుద్ధంగా, అనుమానాస్పదమైన వేగంతో పనిచేసినందుకు' సంజాయిషీ ఇవ్వాలట! ఇన్నేళ్లూ పనిచేయనందుకు ఒక్క మెమో లేదు. ఒక్కపూట చేసినందుకు ఇదీ బహుమానం!

"సార్... నిన్నటి 'ఈ వారం పాపి' చూసిండ్రా?"

"రెండుసార్లు చూసిన. మస్తుగున్నది! కని కురుమయ్యా, అందుల చచ్చింది క్లర్కు. ఆఫీసరుకు ఏం గాలే. ఫైళ్లు తీస్కపో."

ఫైళ్లు మోసుకుని కురుమయ్య బయటికొచ్చాడు. పెంటమ్మ మొగుడు ప్రభుత్వ లెక్కల్లో ఇంకా నిక్షేపంగా బతికే ఉన్నాడు.

"ఏమాయె సారూ?"

'రేపు' అనబోయి ఆగిపోయాడు. "పెద్దసారు సంతకం పెట్టలే పెంటమ్మా."

"అట్లనా! అయితె ఆయనది గూడ పంపాలె."

"ఏంది పంపేది?"

"కథ సారూ! మీరే గద పంపమన్నరు. మా బిడ్డ సరిత మీది రాసి పంపింది. బీరువ ఫొటో గూడ పెట్టింది."

కురుమయ్య గుడ్లప్పగించి చూశాడు. కోపమొచ్చింది, సిగ్గొచ్చింది, చేతిలో మెమో గుర్తొచ్చింది. పెద్దసారు గది తలుపు దగ్గరగా వేసి, కుర్చీ ముందుకు లాక్కున్నాడు.

"సరితకు ఫోన్ కలుపు. పెద్దసారు సంగతులన్ని నేను చెప్త."

"రేపు రావాల్నా సారూ?"

"రేపెందుకు పెంటమ్మా! సమాజం బాగుపడాలె గద. ఇప్పుడే కలుపు!"