లాజరు చిత్రిక

వానలు మొదలై వారం తిరక్కుండానే పటమటలోని కృపానందం ఇంట్లో వెనకగది తలుపు ఉబ్బి బిగుసుకుపోయింది. ఏటా జరిగేదే. కాకపోతే ఈసారి బిగుసుకున్నప్పుడు లోపల ఆయన తల్లి సంపూర్ణమ్మ ఉంది.

పొద్దున్నే కృపానందం వేసుకున్న పథకం చాలా చిన్నది. తలుపు అంచును కాస్త చిత్రిక పట్టాలి, అమ్మను బయటికి తేవాలి, వేడినీళ్లు పోసుకుని ఆఫీసుకు పోవాలి. ఎమర్జెన్సీ పెట్టాక ఆలస్యమంటే ఆఫీసులో అందరికీ గుండెదడే. వడ్రంగి ఆమోసు ఉయ్యూరు వెళ్లాడన్నారు. భార్య పుట్టింట్లో ఉంది. సాయానికి మిగిలింది కూతురు అమల ఒక్కతే. పదిహేనేళ్ల అమల నలుగురిలో నోరు విప్పదు. బడిలో జరిగినవీ, మనసులో జరిగినవీ అన్నీ నాయనమ్మ పక్కన చేరి ఆమె చెవిలోనే చెబుతుంది.

గునపం పెట్టి లాగితే తలుపు జానెడు తెరుచుకుంది. ఆ సందులోంచే అమల నాయనమ్మకు కాఫీ అందించింది. కృపానందం అటక మీంచి తన తండ్రి లాజరు వాడిన చిత్రికను దింపాడు. లాజరు పేరున్న వడ్రంగి. కానీ శవపెట్టెలు చేసేటప్పుడు తప్ప ఆ చిత్రికను ముట్టుకునేవాడు కాదు. ఆయన పోయాక సంపూర్ణమ్మ దాన్ని పాతగుడ్డలో చుట్టి అటకెక్కించింది. బతికున్నవాళ్లు వాడే చెక్కకు అది తగలకూడదని అందరికీ చెప్పింది. పెద్దావిడ పట్టింపు లెమ్మనుకున్నారు.

"దేంతో చిత్రిక పడుతున్నావురా?" లోపల్నుంచి సంపూర్ణమ్మ అడిగింది.

"ఆమోసుదిలే అమ్మా," అన్నాడు కృపానందం.

చిత్రిక వెన్న మీద నడిచినట్టు నడిచింది. తలుపు అంచు పలచబడుతూనే ఉంది, కింద మాత్రం ఒక్క చెక్కపీలికా రాలలేదు. అమల అది చూసింది గానీ, తండ్రితో అనడానికి నోరు రాలేదు. తలుపు చప్పుడు లేకుండా తెరుచుకుంది. కృపానందం వెనక్కి చూడకుండా నీళ్లు కాగాయో లేదో కనుక్కుంటూ స్నానానికి పరిగెత్తాడు.

సంపూర్ణమ్మ గడప దాటింది. దాటుతుంటే ఆమె పాదాల దగ్గర చెక్కపొట్టు జలజలా రాలింది. ఉంగరాలు తిరిగి, అప్పుడే కోసిన టేకు వాసన వేస్తోంది. ఇవతలికొచ్చి నిలబడిన మనిషికి అదే నేతచీర, అదే ముక్కుపుడక, చేతిలో అదే కాఫీగ్లాసు. వయసు మాత్రం ఇరవై దాటదు.

"ఎవరమ్మాయివి నువ్వు?" అంది.

భయమేస్తే అమల ఏదో ఒక పనిలో పడిపోతుంది. ఇప్పుడూ అంతే. ఆ పొట్టంతా చీపురుతో ఎత్తి, పెరట్లో నీళ్లపొయ్యిలోకి తోసింది. మంట ఒక్కసారిగా నీలంగా లేచింది. మరిగిన నీళ్లు తోడి తండ్రి స్నానానికి అందించింది. తిరిగొచ్చేసరికి ఆ పిల్ల వంటింట్లో గిన్నెలు సర్దుతోంది. తన భర్త భోజనానికొచ్చే వేళైందట. గోడ మీదున్న లాజరు ముసలితనపు ఫోటో ముందు ఒక్క క్షణం ఆగి, ఈ పెద్దాయన ఎవరని అడిగింది.

అప్పుడే స్నానాలగది తలుపు తెరుచుకుంది. కృపానందం తువ్వాలు కట్టుకుని వచ్చాడు. నడుం వంగిపోయింది, జుట్టు తెల్లబడింది, నోట్లో ఒక్క పన్నూ లేదు. సంపూర్ణమ్మ గబగబా పైట నిండా కప్పుకుని గోడవారకు తప్పుకుంది.

"మావయ్యగారూ, ఊర్నించి ఎప్పుడొచ్చారండీ?"

కృపానందం ముందు తల్లిని చూశాడు, తర్వాత అద్దంలో తనను చూసుకున్నాడు. కుర్చీలో కూలబడి, బోసినోటితో అన్నాడు: "ఇలా పోతే నేను రిటైరై ముప్పై ఏళ్లయిందని గేటు దగ్గరే ఆపేస్తారే."

తండ్రికి కట్టుకోవడానికి ఏమైనా తెద్దామని అమల వెనకగది వైపు నడిచింది. ఆమెకంటే ముందే ఇంట్లో తిరిగే పిల్లిపిల్ల గంతేసి గడప దాటింది. అవతల పిల్లి లేదు. గడప మీద గోరంత పొట్టు ఉంగరం మాత్రం మెల్లగా దొర్లుతోంది. అమల ఎత్తిన కాలు వెనక్కి తీసుకుంది. ఆ పిల్లికి మూడు నెలలు. తనకు పదిహేనేళ్లే.

గడప దాటితే రాలేది వయసేనని, పొయ్యిలో మండిందీ, నీళ్లతో నాన్న నెత్తిన పడిందీ నాయనమ్మ వయసేనని అప్పుడు తెలిసింది.

"నాన్నా, మీరు గదిలోకి వెళ్లండి," అంది. తండ్రికి ఒక పని పురమాయించడం ఆమెకదే మొదలు. ఆయన తడుముకుంటూ గడప దాటాడు. పొట్టు కుప్పగా రాలింది. "నా పళ్లొచ్చాయే," అన్నాడు లోపల్నుంచి, గట్టి గొంతుతో. బయటికి రావద్దని అమల చేతులడ్డం పెట్టి మరీ చెప్పింది. మళ్లీ దాటితే ఆయన పెళ్లే కాదు, ఆయన కూడా మిగలడు.

ఒక్క పీలిక పోకుండా ఎత్తి, పొయ్యిలో వేసి, మళ్లీ నీళ్లు కాచింది. నీళ్లు మరిగాయి గానీ సంపూర్ణమ్మ కదల్లేదు. ఆయన అన్నానికొచ్చే వేళ స్నానమేంటంది. ముక్కూ మొహం తెలియని పిల్ల చెబితే తనెందుకు వినాలంది. నీళ్లు చల్లారుతున్నాయి. ఇంక నాయనమ్మకు తను ఎప్పటికీ ముక్కూ మొహం తెలియని పిల్లేనేమోనని అమలకు ఏడుపొచ్చింది.

"మావయ్యగారు చెప్పమన్నారు," అంది చివరికి.

గదిలోంచి కృపానందం అందుకుని, ముసలి దగ్గొకటి దగ్గాడు. పుట్టినప్పట్నుంచీ తల్లికి భయపడిన మనిషి. ఆయన మాట ఆమె వినడం అదే మొదలు, అదే ఆఖరు.

నాలుగో చెంబు పోసేసరికి వీపు వంగింది, చేతుల మీద నరాలు తేలాయి. "సున్నిపిండేదే అమలా?" అంది నాయనమ్మ.

అమల కిటికీలోంచి అందించిన గునపంతో ఊచలు రెండు పెకలించి కృపానందం పెరట్లోకి దూకి, ఆఫీసుకు పరిగెత్తాడు. సాయంత్రం, ఉయ్యూరు నుంచి తిరిగొచ్చిన ఆమోసును వెంటబెట్టుకొచ్చాడు. ఊచలు బిగించి, తలుపుకు అడ్డచెక్కలు కొట్టాలన్నాడు. తల్లిపిల్లి అప్పటికీ గడపకు ఇవతలే కూర్చుని లోపలికి అరుస్తోంది. సంపూర్ణమ్మ ఒప్పుకోలేదు. ఆమోసును పంపేసి, గదికి తాళం వేసి, తాళంచెవి బొడ్లో దోపుకుంది.

కృపానందం అటు వెళ్లాక మనవరాలిని దగ్గరికి లాక్కుంది.

"శనివారం మీ నాన్న ఆఫీసుకెళ్లాక నేను గడప దాటి గదిలోకెళ్తాను, రాలిన పొట్టుతో నీళ్లు కాచి ఉంచు. నేను కిటికీలోంచి దూకి వస్తాను. నువ్వెవరని అడుగుతాను, మనసులో పెట్టుకోకు. కాసేపు చూసి, మావయ్యగారు చెప్పారని నా నెత్తిన నీళ్లు పొయ్యి."

"ఎందుకు నాయనమ్మా?"

"అక్కడ, ఆ వయసులో, మీ తాత ఇంకా అన్నానికి రాలేదే. వచ్చే వేళే."

అమల పిల్లిపిల్ల పొట్టు ఉంగరాన్ని అగ్గిపెట్టెలో దాచింది. శనివారం కోసం కట్టెలు ఎండబెట్టింది.

తలుపు మాత్రం ఆ వానాకాలమంతా ఒక్కసారి కూడా బిగుసుకోలేదు.