తడిగొడుగుల ఏకైక హిట్టు

ఆ శనివారం పొద్దున గాయకుడు గడ్డం గీసుకోలేదు. గడ్డం ఉంటే గొంతులో దుఃఖం బాగా పలుకుతుందని అతని నమ్మకం. మధ్యాహ్నం పన్నెండులోపు పాట రికార్డు చేసి రేడియోకు పంపాలి. మర్నాడు పొద్దున కొత్త బృందాల కార్యక్రమంలో అది వస్తే సరే. రాకపోతే ఇంటి వెనక గది భార్యకు అప్పగించాలి. అదీ మొగుడూ పెళ్లాల ఒప్పందం.

ఆ గదిలో పదకొండేళ్లుగా 'తడిగొడుగులు' బృందం కాపురం ఉంటోంది. వాళ్లది న్యూవేవ్ పాప్. అంటే కీబోర్డు చలిజ్వరం వచ్చినట్టు మోగాలి, డ్రమ్ము గడియారంలా కొట్టుకోవాలి, గాయకుడు ఎవరి మొహమూ చూడకుండా గోడకేసి పాడాలి. తమలో చేరమని ఏ కంపెనీ అడగలేదు కాబట్టి స్వతంత్ర బృందం. ఇన్నేళ్లలో జనం కనిపించిన కచేరీ ఒక్కటే. వచ్చిన పద్నాలుగు మందిలో పదకొండు మంది వాన వెలిసేదాకా నిలబడ్డవాళ్లు. బృందానికి ఆ పేరు పెట్టుకున్నది ఆ రోజే.

కీబోర్డు అతని అక్క, డ్రమ్ములు బావ. పాట లేని రోజుల్లో అతను కళ్లజోళ్ల దుకాణంలో జనం కళ్లు పరీక్షిస్తాడు. భార్య ఒక ప్రెస్సుకు ప్రూఫులు దిద్దుతుంది. వంటింటి బల్ల మీద కూరగాయలు పక్కకు జరిపి, గోడ అవతల డ్రమ్ములు దడదడలాడుతుండగా. తాను లోకంలో ఎవరికీ అర్థం కానివాడినని గాయకుడు ఎంతో శ్రద్ధగా నమ్ముకుంటూ వచ్చాడు. ఆ నమ్మకం కూర్చునే చోటు ఆ గది. అది పోతే ఇక మిగిలేవి కళ్లజోళ్లే.

రికార్డరుకు ఒకటే మీట. నొక్కితే మొదలవుతుంది, మళ్లీ నొక్కితే ఆగుతుంది. పనిచేస్తోందో లేదో చూద్దామని బావ ముందే దాన్ని నొక్కి, ఆ సంగతి ఎవరికీ చెప్పకుండా వెళ్లి కూర్చున్నాడు.

"కిర్రుకిర్రుమనే కుర్చీ నాకే తగలాలా? మంచిది మీ బావకి వేశావా?" అంది అక్క.

"ఆయన కాస్త భారీ మనిషి కదక్కా."

"నా ఒంటి జోలికి వచ్చావంటే లేచి వెళ్లిపోతానోయ్," అన్నాడు బావ.

"లేవగలిగితే కదా!" అంది అక్క.

గాయకుడు కళ్లు మూసుకుని, గుండెల నిండా ఊపిరి పీల్చి, మీట నొక్కాడు. రికార్డరు బుద్ధిగా ఆగిపోయింది. ఒంటరితనం గురించి ఎనిమిది చరణాలు పాడాడు. పదకొండేళ్లలో అంత బాగా ఎప్పుడూ పాడలేదు. చివరి స్వరం కరిగిపోయాక మళ్లీ నొక్కాడు. రికార్డరు మేలుకుంది.

"నాలుగో చరణంలో ఎందుకండీ ఆ పరుగు, రైలుకేమైనా టైమైందా?" అని అక్క మొగుణ్ణి నిలదీసింది.

"ఎనిమిది చరణాలే! మధ్యలో నాకు ఆకలేసింది."

"నా ఒంటరితనం మీకు ఆకలి పుట్టించిందా బావా?"

అప్పుడు భార్య ఎర్ర పెన్సిలుతో గుమ్మంలోకి వచ్చింది. గొంతు పెంచలేదు. "మీకు ఒంటరితనం ఎక్కడిదండీ? పొద్దున లేచింది మొదలు ముగ్గురం మీ చుట్టూ తిరుగుతున్నాం. ఆవలి గదిలో ఒక మనిషి ఉందని మీకెప్పుడైనా గుర్తొచ్చిందా? పదకొండేళ్లుగా మీ పాట గోడ అవతల నించి వింటున్నాను. నా మాట వినడానికి నాకు గోడ కూడా లేదు."

తలుపు మూసుకుంది. కోపం చూపడానికి చేతికందింది అదే గనక గాయకుడు విసురుగా మీట నొక్కాడు. రికార్డరు ఆగిపోయింది. అక్క బావతో మాట్లాడటం లేదు, బావ ఇద్దరితోనూ మాట్లాడటం లేదు. అందరూ కలిసి కూర్చుని పాట వినే పరిస్థితి లేదు. రికార్డయినది వినకుండానే పంపేశారు.

ఆదివారం పొద్దున రేడియోలో కుర్చీ కిర్రుమంది. నలుగురూ బొమ్మల్లా కూర్చుండిపోయారు. అంతా అయ్యాక వ్యాఖ్యాత నిట్టూర్చాడు. "పాట అనే పాత అలవాటును వదిలేసిన ధీరులు! ఆ చివరి స్త్రీ గొంతు గురించి ఏం చెప్పను..."

గాయకుడు ఫోనందుకున్నాడు. "పొరపాటని చెప్పేస్తాను."

"చెప్పు. గది కూడా ఖాళీ చెయ్యి," అన్నాడు బావ.

గాయకుడు ఫోను పెట్టేసి భార్యకేసి తిరిగాడు. "మొత్తానికి వేశారు. గది మాదే."

"వేసింది నన్ను," అంది భార్య.

అది అక్కడితో ఆగలేదు. మంగళవారం పత్రికలో ఒక విమర్శకుడు ఆ కుర్చీ చప్పుడు వెనక ఏళ్ల సాధన ఉందని రాశాడు. బుధవారం పురమందిరం నుంచి పిలుపు వచ్చింది: శనివారం సాయంత్రం అదే ప్రదర్శన కావాలి. చిక్కేమిటంటే, పేరు రాగానే అందరికీ మర్యాద పట్టుకుంది.

"ముందు నువ్వు తిట్టరా తమ్ముడూ."

"పెద్దదానివి, నువ్వే తిట్టక్కా."

చివరికి గాయకుడు తగవంతా కాగితం మీద పెట్టాడు. భార్య అలవాటుకొద్దీ దాన్ని దిద్దుతూ ఆగింది. "నా మాటలేవి?"

"నిడివి ఎక్కువైంది. అక్కడ నా చరణం పెట్టాను. అయినా నువ్వు బృందంలో లేవు కదా. ముందు వరుసలో కూర్చో."

పురమందిరం నిండిపోయింది, బయట వానేమీ లేకపోయినా. వేదిక మీద తగవు మాత్రం బడిపిల్లల నాటకంలా నడిచింది. బావ ఒక తిట్టు మరిచిపోయి క్షమాపణ చెప్పాడు. జనంలోంచి ఎవరో "ఆవిడేరీ?" అని అరిచారు. ఇదే అదననుకుని గాయకుడు వెనక గోడకేసి తిరిగి తన అసలు పాట అందుకున్నాడు.

రెండో పాదంలో భార్య లేచి నిలబడింది. "ఏమండీ, ఒక్క మాట. ఇంతమంది వచ్చారు, ఇప్పుడూ గోడతోనేనా? మీకు నేను వినిపించకపోతే పోయె, కనిపించనైనా కనిపించనా?"

అక్క చెయ్యి దానంతటదే ఒక స్వరం మీద వాలింది. బావ మెల్లగా దరువు అందుకున్నాడు. జీవితంలో తొలిసారి అతని తాళం తప్పలేదు. భార్య మాట్లాడుతూనే మెట్లెక్కి మైకు దగ్గరికి వెళ్లింది. గాయకుడు నోరు తెరిచి అలాగే నిలబడ్డాడు. ఆమె చెప్పేది నిజమని అతనికి తెలుసు. అతన్ని కుదిపింది అది కాదు, జనం కళ్లు తుడుచుకోవడం. తన పాటకు ఎవరూ కళ్లు తుడుచుకున్న పాపాన పోలేదు.

మర్నాడు విమర్శకుడు అందరినీ పొగిడి, వేదిక మీద గోడ పక్కన నిలబెట్టిన మగ విగ్రహం లేకపోతే ఇంకా బాగుండేదన్నాడు. నెల తిరక్కుండా తడిగొడుగులు నాలుగు ఊళ్లకు బయల్దేరింది, ముగ్గురితో. ఊళ్లు తిరగని రోజుల్లో వెనక గదిలో పగలు భార్య ప్రూఫులు, సాయంత్రం ముగ్గురి సాధన. గాయకుడు వంటింటి బల్ల దగ్గర కూరగాయలు పక్కకు జరిపి కూర్చున్నాడు. ఇన్నేళ్లకు నిఖార్సయిన ఒంటరితనం చేతికి చిక్కింది. కాగితం తీశాడు గానీ ఒక్క చరణమూ రాలేదు.

సోమవారం దుకాణంలో ఒకావిడ కళ్లు పరీక్ష చేయించుకుంటూ, అక్షరాల పలక వదిలేసి అతని మొహంలోకి తేరిపార చూసింది.

"మీరు ఆ తడిగొడుగుల గాయని గారి భర్త కదండీ?"

అవుననడానికి అతనికి ఎనిమిది చరణాలు పాడేంత సేపు పట్టింది.