గిరాకీ లేని గొడుగుల తాత

పొద్దున్నే వెళ్లి మధ్యాహ్నం భోజనానికల్లా ఇంటికి వచ్చెయ్యాలన్నది డాక్యుమెంటరీ దర్శకుడి పథకం. దర్శకుడంటే దర్శకత్వం ఒక్కటే కాదు; కెమెరా, సౌండు, ఎడిటింగు, సామాన్ల మోత అన్నీ ఆయనే. షాట్ చెడితే తిట్టడానికి కూడా రెండో మనిషి లేడు పాపం!

టీవీ మేడమ్ ముందే తేల్చి చెప్పేసింది. "అంతరించిపోతున్న వృత్తి కావాలి. సాయంత్రానికి వీడియో రాకపోతే ఈ పని వేరేవాళ్లకిచ్చేస్తాను." ఏడాదిగా గోళ్లు గిల్లుకుంటూ కూర్చున్న ఆయనకు ఇదే ఆఖరి ఆశ. వెతగ్గా వెతగ్గా దొరికాడు, గొడుగులు బాగుచేసే తాత. సందు మొదట్లో అగ్గిపెట్టెంత కొట్టులో ఈగలు తోలుకుంటున్నాడు. చూడగానే దర్శకుడికి ప్రాణం లేచొచ్చింది.

"తాతా, దిగులుగా రోడ్డు వైపు చూడు. ఎవరూ రావట్లేదన్నట్టు."

"అన్నట్టేమిటి నాయనా, నిజంగానే రావట్లేదు."

కెమెరాకు ఎండ తగలకుండా ఒక చేత్తో గొడుగు పట్టుకుని, రెండో చేత్తో ఫోకస్ తిప్పుతుండగా ఒకావిడ ఆగింది. "టీవీవాళ్లు తీస్తున్నారంటే ఈయన పనిలో మొనగాడే అయ్యుంటాడు. ఉండండి, ఇంట్లో విరిగిన గొడుగుంది!" అని పరుగెత్తింది. వస్తూ వస్తూ ఇరుగుపొరుగునంతా వెంటేసుకొచ్చింది.

"జరగండమ్మా! ఈయన దగ్గరికి ఎవరూ రాకూడదు!" అని దర్శకుడు మొత్తుకున్నాడు.

"ఆహా! మమ్మల్ని తరిమేసి నీది ముందు చేయించుకుందామనా?" అంటూ ఆవిడ ఆయన చేతిలో గొడుగు లాక్కుని వరుస చివర పెట్టేసింది.

ఆ రగడకు వీధి వీధంతా కదిలొచ్చింది. దిక్కుతోచక దర్శకుడు భార్యకు ఫోన్ చేశాడు. "కొంప మునిగింది, వచ్చి వీళ్లని ఆపవే తల్లీ!"

భార్య వచ్చింది, చంకలో మూడు గొడుగులతో. "ఎలాగూ వస్తున్నాను కదాని మనవీ తెచ్చానండీ. వరుస ఎక్కణ్ణుంచి?"

సాయంత్రానికి తాత ముఖంలో దిగులు మచ్చుకైనా మిగల్లేదు. "చేతినిండా పని నాయనా. నీ సినిమాకి తీరిక లేదు, ఇంకోరోజు చూద్దాం," అంటూ కెమెరాను పక్కకు జరిపి అక్కడ ఒక బల్ల వేయించాడు. దర్శకుడికి ఏడుపొక్కటే తక్కువ.

అంతలో టీవీ మేడమ్ ఫోన్. "ఏమైందండీ? ఆ వృత్తి అంతరిస్తోందా, లేదా?"

దర్శకుడు గొంతు సవరించుకున్నాడు. "అంతరిస్తోందండీ. కాకపోతే గొడుగులది కాదు, నాది. ఇప్పుడే కెమెరా నావైపు తిప్పుకుంటున్నాను."

ఈసారి షూటింగ్ ప్రశాంతంగా సాగింది. చూడ్డానికి ఒక్కరూ ఆగలేదు.