సగంపిన్ని ముప్పైమూడో పేజీ దాటిన వైనం

పాఠకులారా, పుస్తకాన్ని మధ్యలో మూసి బోర్లించే అలవాటున్న మహాశయులారా, చెవియొగ్గి వినండి. సహస్రకిరణుడు నాలుగో అంతస్తు బాల్కనీ ఊచల సందున దూరి, ఆరవేసిన దుప్పటి మీదుగా దిగి, భోజనాల బల్ల ఈశాన్యభాగాన్ని ఆక్రమించుకున్న ఆదివారం పూట, గోడగడియారం పదిన్నర చూపిస్తున్న శుభముహూర్తాన, సూదీదారాలే ఆయుధాలుగా పద్నాలుగేళ్ళు జీవనసంగ్రామం సాగించిన బ్యాడ్జీకుట్టుధురంధర ఒకతె, లాటిన్ భాషా ప్రథమవ్యాకరణమనే దుర్గం ఎదుట, అప్పుడే చెక్కిన పెన్సిలు చేతబట్టి, కళ్ళజోడు పైకి తోసుకుని, సమరసన్నద్ధయై కూర్చుంది. ఆమె గాథ నేను చెప్పకపోతే ఇంకెవరూ చెప్పరు. ఎందుకంటే ఇది మొత్తం ఒక్క కాగితం కథ.

బంధుకోటి ఆమెను సగంపిన్ని అంటుంది. అక్క పిల్లలు పెట్టిన బిరుదు అది. పెట్టిన పిల్లలకు పెళ్ళిళ్ళయినా బిరుదు మాత్రం చెక్కుచెదరలేదు. ఆమె హార్మోనియం నేర్చుకుని, కుడిచేతికి వచ్చాక ఎడమచేతి దగ్గర ఆపింది. ఈత నేర్చుకుని, నీళ్ళలో దిగడం వచ్చాక తేలడం దగ్గర ఆపింది. భర్తకు అల్లిన స్వెట్టరుకు ఒక చెయ్యి ఉంది. లిఫ్టు మెకానిక్ అయిన ఆ సహనమూర్తి, దాన్ని మోటార్లు తుడవడానికి భద్రంగా వాడుకుంటున్నాడు. ప్రాచీనుల యుద్ధపరిభాషలో ఇటువంటివారిని అర్ధరథులంటారు. ఇంట్లో మాత్రం "మొదలెట్టావా, సరే" అంటారు, ఆ "సరే"లో ఎంత వెటకారం ఉందో అనుభవించినవారికే తెలుసు.

ఇక యుద్ధకారణం. ఆమె బడిపిల్లల చొక్కాల మీద బ్యాడ్జీలు కుడుతుంది. వాటిలో ఒకటి నీలిదారంతో ఓడ, దాని కింద మూడు అలలు, అలల కింద పసుపుదారంతో రెండు లాటిన్ మాటలు. పద్నాలుగేళ్ళుగా అవే రెండు మాటలు, పెర్ ఆక్వాస్. కళ్ళు మూసుకుని కుట్టగలదు. ఓనాడు చొక్కా తీసుకోవడానికి వచ్చిన పదేళ్ళ పిల్ల ఆ బ్యాడ్జీ మీద వేలు పెట్టి, "ఆంటీ, దీని అర్థం ఏంటి?" అని అడిగింది.

"అది డిజైనమ్మా," అంది సగంపిన్ని.

"కాదాంటీ, అక్షరాలు."

ఆ మాట ఆమెకు సూది గోటి కింద దిగినట్టు దిగింది. తన చేత్తో తానే ఇన్నేళ్ళు రాసిన మాట తనకే తెలియదు. ఆ సాయంత్రం భర్త, "ఫోన్లో కొడితే అరనిమిషంలో చెప్తుంది కదే," అన్నాడు.

"ఫోను చెప్తే ఫోనుకి తెలిసినట్టండీ. నాకు తెలిసినట్టు కాదు."

ఆ విధంగా ఆమె పాతపుస్తకాల కొట్టుకు దండెత్తి వెళ్ళింది. దుమ్ముధూసరితమైన ఆ సామ్రాజ్యానికి ఏకచ్ఛత్రాధిపతి అయిన పెద్దాయన, రెండో బీరువా మూడో అర నుంచి ఒక పుస్తకం తీసి, ఏ భావమూ లేకుండా ఆమె చేతిలో పెట్టాడు. చివరి పదకోశం ఎలుకలు ఆరగించిన, వీపు అతుకులు వేసిన ప్రథమవ్యాకరణం అది. తీసినచోట అంగుళమున్నర ఖాళీ మిగిలింది. పక్క పుస్తకాలను జరిపి ఆయన దాన్ని మూయలేదు.

"నెల లోపల వెనక్కి తెస్తే తీసుకుంటానమ్మా. ఒక్కటే షరతు. ఇందులో ముప్పైమూడో పేజీ తర్వాత కాగితాలు కొయ్యలేదు, మడతలుగానే ఉన్నాయి. కోస్తే మాత్రం తీసుకోను."

"మరి ఆ ఖాళీలో ఇంకేదైనా పెట్టుకోండి బాబాయిగారూ."

"ఎందుకమ్మా, మళ్ళీ తియ్యాలి. ఇది ఆరుసార్లు వెళ్ళింది, ఆరుసార్లు తిరిగొచ్చింది. మీ నెల గడువు ఆఖరి రోజున కొట్టు ఒంటిగంట దాకా తెరిచే ఉంచుతాను లెండి."

మడతలంటే ఏమిటో చెప్పాలి. పూర్వం పెద్ద కాగితం మీద అచ్చువేసి, మడతలు పెట్టి, కుట్టి, అలాగే అమ్మేసేవారు. కొన్నవాడే తలవైపూ అంచువైపూ కత్తితో కోసుకుంటూ చదవాలి. ఎవడు ఎంతదాకా చదివాడో పుస్తకమే సాక్ష్యం చెబుతుంది. ఈ పుస్తకం మొదటి కాగితం మీద ఏడుగురి సంతకాలున్నాయి. వారి వంశగౌరవం దృష్ట్యా పేర్లు చెప్పను. ఏడుగురూ ఏడో పాఠం అభ్యాసంతో ముగిసే ముప్పైమూడో పేజీ దాకా వచ్చి, మడతను చూసి, వెనుతిరిగినవారే. ఎనిమిదోదిగా సగంపిన్ని సంతకం చేసినప్పుడు ఇంట్లో ఎవరూ ఆశ్చర్యపోలేదు.

కానీ రెండో పాఠంలోనే ఒక విపత్తు జరిగింది. ఆక్వా అంటే నీళ్ళు అని ఆమెకు తెలిసిపోయింది. బ్యాడ్జీ మీది రెండో మాట అదే, చివర కాస్త వేషం మార్చుకుని ఉంది. అంటే అర్థంలో సగం చేతికొచ్చింది. సగంతో తృప్తిపడటం ఆమెకు జన్మతః అబ్బిన విద్య, కానీ ఈసారి ఆ సగమే ఆమెను స్థిమితంగా కూర్చోనివ్వలేదు. మొదటి మాట పెర్ ఎంత వెతికినా కనపడలేదు. ముప్పైమూడో పేజీ అడుగున మాత్రం సన్నటి అక్షరాల్లో, నామవాచకాల ముందు వచ్చే చిన్నమాటల పట్టిక తరువాతి పేజీలో, అని ఉంది.

ఆ తరువాతి పేజీ మడత లోపల ఉంది. ఈ ఆదివారం ముప్పయ్యో రోజు.

ఇక రణరంగం వినండి. ఏడో పాఠం అభ్యాసం, లాటిన్‌లోకి మార్చాల్సిన పన్నెండు వాక్యాల పద్మవ్యూహమది. ద్వారాల దగ్గర ఒక రైతు, రైతు కూతురు, ఒక మహారాణి, ఒక నావికుడు కాపలా కాస్తున్నారు. ఈ నలుగురూ మొదటి పాఠం నుంచీ ఒకరినొకరు చూస్తున్నారు, పిలుస్తున్నారు, ప్రేమిస్తున్నారు, గులాబీలు ఇచ్చుకుంటున్నారు, ఎందుకో మాత్రం చెప్పరు. నావికుడు ఏడు పాఠాలుగా ఒడ్డునే ఉన్నాడు. వాళ్ళ వెనక ఆరు ఏకవచన విభక్తులు, ఆరు బహువచన విభక్తులు కవచధారులై నిలబడ్డాయి. మన షష్ఠీవిభక్తి "కి"ని, "యొక్క"ను ఒకే ఇంట్లో కాపురం పెట్టిస్తే, లాటిన్ వాళ్ళు ఇద్దరికీ వేరు కాపురాలు పెట్టించారు. పెట్టించి ఊరుకున్నారా, ఏకవచనంలో ఇద్దరికీ ఒకే చొక్కా తొడిగారు. ఇటువంటి మాయాయుద్ధం ధర్మమో కాదో పెద్దలే తేల్చాలి.

పదకొండు గంటలకల్లా ఆరు వాక్యాలు నేలకొరిగాయి. పదకొండున్నరకు మరో నాలుగు కూలాయి. ఆ తరువాత పదకొండోది ఎదురైంది. రైతు కూతురు నావికులకు నీళ్ళు ఇస్తుంది. చూడ్డానికి ఎంత సాధువు. నాలుగుసార్లు రాసింది, నాలుగుసార్లు తుడిచింది, అయిదోసారి రబ్బరు కాగితాన్ని చీల్చుకుని బల్లచెక్కను ముద్దుపెట్టుకుంది. అప్పుడు ఆ వీరనారి క్రోధారుణనేత్రయై, కొప్పులోంచి జారిన వెంట్రుకను చెవి వెనక్కి నెట్టి, ఈ విధంగా గర్జించింది.

"ఓరి నావికాధమా, సప్తపాఠములనుండి నీళ్ళకై చేయి సాచుచుంటివి గాని ఒక్కనాడైన నోడ నెక్కవైతివి. నేడు నీకు సక్రమమైన విభక్తి తొడిగి, నీచేత ఆ నీళ్ళు త్రాగించి గాని నేనీ పీఠము వీడను. పూర్వులేడ్వురు పలాయితులైన ఈ సరిహద్దును దాటుదును. దిక్కులు వినుగాక."

ఇది నేను కట్టిన వచనం. ఆమె అన్నది మాత్రం, "ఏవండీ, ఒకసారి ఇలా వచ్చి నాకు అప్పజెప్పించండి," అని.

లిఫ్టు మెకానిక్ చేతులు తుడుచుకుంటూ వచ్చి పుస్తకం అందుకున్నాడు. ఆయన దాన్ని సర్క్యూట్ బొమ్మ చూసినంత శ్రద్ధగా చూశాడు.

"నావికులకు," అన్నాడు.

"నౌతే."

"కాదు. అది ఒక్కడికే అని రాసుంది."

"నౌతారుమ్."

"అది నావికుల యొక్క. నువ్వు ఇవ్వాల్సింది వాళ్ళకి."

ఆమె కళ్ళు మూసుకుంది. పద్నాలుగేళ్ళు కళ్ళు మూసుకుని కుట్టిన చెయ్యి బల్ల మీద గాల్లో ఏదో రాసింది.

"నౌతీస్."

ఆయన వేలు పట్టిక వెంట నెమ్మదిగా దిగి, ఒకచోట ఆగింది. "ఆఁ, అదేనే," అన్నాడు, తనే గెలిచినంత సంబరంగా.

పదకొండోది కూలింది. దాన్ని చూసి బెదిరిన పన్నెండోది పెద్దగా పోరాడలేదు. గడియారం పన్నెండుంబావు చూపిస్తోంది. ఇక మిగిలింది మడత. సగంపిన్ని బ్యాడ్జీల వెనక అట్ట కోసే సన్నటి కత్తి తెచ్చి, మడత సందున పెట్టి, అక్కడే ఆగిపోయింది.

ఆమె ధైర్యం ఎటుపోయిందని అడగకండి. వాక్యాలతో ఓడిపోతే పుస్తకం తిరిగి ఇచ్చెయ్యవచ్చు, ఖాళీ ఎదురుచూస్తూనే ఉంది. కోశాక మాత్రం వెనక్కి దారి లేదు. పూర్తిచెయ్యని హార్మోనియం అమ్మేసింది, పూర్తిచెయ్యని స్వెట్టరు నూనెగుడ్డ అయింది, కోసిన పుస్తకం మాత్రం బల్ల మీదే ఉండి రోజూ ముఖం చూస్తుంది. ఆమెకు భయం వేసింది. ఇంకో సగం మొదలవుతోందేమో అని నిజంగా భయం వేసింది.

"నేను మళ్ళీ మధ్యలో ఆపేస్తానేమోనండీ," అంది.

ఆయన కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. "నాకు రోజూ ఫోన్లొచ్చేది దాని గురించే కదే. రెండంతస్తుల మధ్యలో ఆగిందీ అని. ఆగితే పాడైపోయినట్టేం కాదు. ఎక్కడో తలుపు సరిగ్గా పడలేదన్నమాట. తలుపు వేస్తే మళ్ళీ కదులుతుంది."

"మరి హార్మోనియం?"

"దాని తలుపు ఎక్కడుందో నాకు తెలీదు," అన్నాడు ఆయన నిజాయితీగా.

ఆమెకు నవ్వొచ్చింది. నవ్వుతూనే కోసింది. చరిత్రలో ఎన్నో కోటలు కూలాయి, ఎన్నో సేతువులు తెగాయి, కానీ ఆ పగటిపూట, ఆ భోజనాల బల్ల మీద, ఆ ముదురు కాగితం చేసిన సర్రుమనే ధ్వని కోసం పుస్తకం పుట్టిననాటి నుంచీ ఎదురుచూసినవారెవరో తరువాత చెప్తాను. ముప్పైనాలుగో పేజీ మొట్టమొదటిసారి వెలుతురు చూసింది. అందులో పట్టిక, పట్టికలో నాలుగో వరుస, పెర్, గుండా, మీదుగా.

ఆమె లేచి వెళ్ళి కుట్టుబుట్టలోంచి బ్యాడ్జీ తెచ్చింది. ఓడ, మూడు అలలు, రెండు మాటలు. నీళ్ళ మీదుగా. గట్టిగా రెండుసార్లు చదివింది. లోకాన్ని జయించిన సంతోషం కాదది, తన చేతిరాత తాను తొలిసారి చదువుకున్న సంతోషం, అది ఇంకా పెద్దదని ఆమెకు ఆ క్షణాన అనిపించింది.

ఒంటిగంటకు అయిదు నిమిషాలు ఉండగా ఆమె పాతపుస్తకాల కొట్టు గడప తొక్కింది. పెద్దాయన తల ఎత్తకుండానే చెయ్యి చాచాడు.

"రండమ్మా. మీకోసమే తెరిచి ఉంచాను."

"ఇవ్వడానికి రాలేదు బాబాయిగారూ. చూపించడానికి వచ్చాను."

ఆయన తల ఎత్తాడు. పుస్తకం అందుకుని, కోసిన అంచు మీద బొటనవేలు నెమ్మదిగా నడిపించాడు.

"కోసేశారా," అన్నాడు చివరికి. "ఇంక నేను తీసుకోను."

"నేనూ ఇవ్వను లెండి." ఆమె మొదటి కాగితం తిప్పి, అన్నింటికన్నా పైనున్న, అన్నింటికన్నా వెలిసిన సంతకం చూపించింది. "ఇది మీదే కదండీ. మీ బిల్లు మీద కూడా చివరి గీత ఇలాగే వెనక్కి తిరిగి ముడిపడుతుంది. కుట్టేదాన్ని కదా, గీతలు గుర్తుంటాయి."

పెద్దాయన కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు, అది శుభ్రంగానే ఉన్నా.

"చదువుకునే రోజుల్లో కొన్నానమ్మా. మొదటి రెండు మడతలు నేనే కోశాను. తర్వాత పరీక్షలొచ్చాయి, పెళ్ళొచ్చింది, ఈ కొట్టొచ్చింది. రేపు కోద్దాం అనుకునేవాణ్ణి. ఎవరైనా కోస్తారేమో చూద్దామనే అమ్ముతుండేవాణ్ణి." ఆయన గొంతు కాస్త తగ్గించాడు. "ఇంతకీ ఆ నావికుడు ఓడెక్కాడా?"

"లేదండీ. ఆ పట్టిక ఉదాహరణలో అడవి గుండా నడుస్తున్నాడు."

"అడవిలోనా. వాడికక్కడేం పని?"

"తెలీదండీ. ఎనిమిదో పాఠం ఇంకా రాయలేదు."

"రాశాక వచ్చి చెప్పండి," అన్నాడు పెద్దాయన. తరువాత లేచి, రెండో బీరువా దగ్గరికి వెళ్ళి, కుక్కల పెంపకం మీద ఒక లావుపాటి పుస్తకాన్ని ఆ అంగుళమున్నర ఖాళీలో పెట్టి, పట్టకపోతే అరచేత్తో రెండు దెబ్బలు వేసి, లోపలికి తోశాడు.

ఆ వారంలోనే పదేళ్ళ పిల్ల చొక్కా చెయ్యి చిరిగిందని తెచ్చింది. ఆ పిల్ల అడగకుండానే సగంపిన్ని బ్యాడ్జీ మీద వేలు పెట్టి, "నీళ్ళ మీదుగా అనమ్మా," అంది.

"ఎక్కడికాంటీ?"

"అది దీని మీద లేదమ్మా. ఉంటే చెప్పేదాన్ని."

కాబట్టి దిగ్దిగంతాలకూ, అపార్టుమెంటు నాలుగంతస్తులకూ, అక్క పిల్లలందరికీ ఇందుమూలంగా చాటుతున్నాను. సప్తపూర్వపాఠకపలాయనభూమి అయిన ముప్పైమూడో పేజీని అతిక్రమించి, ఒకానొక కాగితాన్ని రెండంచుల కోసి, ఒకానొక చిన్నమాటను చెరబట్టి తెచ్చిన ఈ వీరనారి నేటినుంచి అర్ధరథి కాదు, అర్ధరథి మీద ఒక కాగితం ఎక్కువ. పుస్తకానికి రెండువందల పన్నెండు పేజీలున్నాయని ఎవరో గొణుగుతున్నారు. లెక్కలు వీరగాథలకు సరిపడవు. ఈ గాథను ఇక్కడిదాకా చదివినవారు, తాము మధ్యలో బోర్లించిన పుస్తకాన్ని ఇంటికి వెళ్ళి ఒక్క పేజీ తిప్పుదురు గాక.