కొమ్మ మీద పట్టేంత పెళ్లి

ఒక పెద్ద అడవిలో ఒక మద్దిచెట్టు, దాని చిటారుకొమ్మన ఒక కాపలా చౌకీ ఉండేవి. పగలంతా అక్కడ వడ్రంగిపిట్ట చెక్కారావు డ్యూటీ. పులి కనిపించినా, పొగ లేచినా మాను మీద టకటకా కొట్టి అడవికి చెప్పాలి. రాత్రి డ్యూటీ గుడ్లగూబ వీక్షణది. చీకట్లో ఆకు కదిలినా ఆమెకి తెలిసిపోతుంది.

ఇద్దరూ కలిసేది పొద్దుగూకే వేళ, డ్యూటీ మార్చుకునేటప్పుడు. తెల్లారి మళ్లీ ఎదురుపడేవాళ్లు గానీ, అప్పటికి ఆమె కళ్లు మూతలు పడుతుండేవి. మొదట్లో "ఇవాళ పులి రాలేదండీ" అని అతను చెప్పేవాడు, "సరే, మీరెళ్లి పడుకోండి" అని ఆమె అనేది. కొన్ని నెలలకి పులి ఊసు పోయింది. అండీలు కూడా పోయాయి.

"పెళ్లి చేసుకుందాం" అన్నాడు చెక్కారావు. "ఈ కొమ్మ మీదే, ఈ వేళప్పుడే."

"పందిరీ మేళం వద్దు" అంది వీక్షణ. "కొమ్మ మీద ఎంతమంది పడితే అంతమందే."

ఈ సంగతి వినగానే వీక్షణ మేనత్త రెక్కలు టపటపలాడించింది. "అసురసంధ్య వేళ పెళ్లేమిటే? అపశకునం కాదూ!"

"అత్తా, మనుషులకి మనమే అపశకునం. మనకి మళ్లీ ఇంకొకటా?"

మేనత్త రెక్కలు ముడుచుకుని, కొమ్మ మీద తనెక్కడ కూర్చోవాలో చెప్పమంది.

ఇక ఒక్కటే మిగిలింది. ఆ రోజు డ్యూటీ మార్పు ఒక అరగంట సాగాలి, దానికి అడవి మండలి అనుమతి కావాలి. మండలి కార్యదర్శి నక్క జంబుకయ్య. సింహం వయసైపోయి అధ్యక్షపదవి వదిలేసింది, ఎన్నికలు దగ్గరపడ్డాయి. ఆ కుర్చీ కోసం జంబుకయ్య గోతికాడ నక్కలా కాచుకుని ఉన్నాడు. ఆయన ముందు ఈ మాట అనకూడదు, ఒప్పుకోడు.

"అరగంటా! అరగంట సేపు అడవిని గాలికొదిలేస్తారా?" అని జంబుకయ్య కేకలేశాడు. అంతలోనే ఆయన తోక మెల్లగా ఊగడం మొదలుపెట్టింది. "అయినా మన ఉద్యోగుల పెళ్లంటే మండలి పరువు. మనమే చేద్దాం. పెద్ద మైదానంలో! అడవంతా రావాలి. నేనూ ఓ నాలుగు ముక్కలు మాట్లాడతాను."

"మాకు చిన్న పెళ్లి చాలండీ" అన్నాడు చెక్కారావు.

"చాలదు" అన్నాడు జంబుకయ్య చల్లగా. "అన్నట్టు చెక్కారావ్, సరిహద్దు కొండ మీద చౌకీ ఒకటి ఖాళీగా ఉంది. అదీ పగటి డ్యూటీయే."

ఇద్దరికీ అర్థమైంది. అతన్ని ఆ కొండకి బదిలీ చేస్తే ఉన్న ఆ కాస్త సాయంత్రం కూడా పోతుంది. నోరు మూసుకుని చెట్టెక్కారు.

మర్నాడే పెళ్లి కమిటీ కూర్చుంది. కాకి సిద్ధాంతి ఆకాశంలోకి ఒక కన్ను పెట్టి, ముహూర్తం మిట్టమధ్యాహ్నానికి కుదిరిందని చెప్పాడు.

"పట్టపగలు నాకు నిద్రండీ" అంది వీక్షణ.

"నిద్రపోతే మరీ మంచిదమ్మా" అన్నాడు కాకి. "కళ్లు మూసుకుని తల వంచుకుంటే, పెళ్లికూతురు ఎంత సిగ్గుపడుతోందో అనుకుంటారు."

"తల మరీ వాలిపోతే పట్టుకోవడానికి వెనకాల ఒక సబ్‌కమిటీ వేద్దాం" అంది కోతి. అందరూ చప్పట్లు కొట్టి తీర్మానం చేసేశారు.

ఆ సాయంత్రం చౌకీలో వీక్షణ ఏడ్చింది. "నా పెళ్లి నేను మెలకువగా ఉండి చూసుకోవాలనుకున్నాను. అంతకంటే ఏమడిగాను?"

చెక్కారావుకి ఓదార్చడం రాదు, కొట్టడమే వచ్చు. మానుని నాలుగు దెబ్బలు కొట్టి, "పోనీ, ఆ కొండకే పోతాను" అన్నాడు.

"నువ్వూరుకో!" అని ఆమె కసిరింది.

ఈలోగా అడవిలో అలకలు మొదలయ్యాయి. కమిటీలో పేరు లేదని దుప్పి అలిగింది. దున్నపోతు మేత మానేసింది. వీటిలో ప్రతిదానికీ ఒక ఓటుంది మరి! జంబుకయ్య తలపట్టుకుని మద్దిచెట్టు కింద చతికిలబడ్డాడు.

వీక్షణ కిందికి దిగింది. "అందరికీ తలా ఒక పని అప్పజెప్పండి సార్. ఒక్కరు కూడా ఖాళీగా మిగలకూడదు."

"పని ఒప్పుకుని మధ్యలో జారుకుంటే?"

"మా కాపలా రూలు పెట్టండి. బదులు ఇంకొకరు వచ్చేదాకా ఉన్నచోటు వదలకూడదు."

జంబుకయ్య మురిసిపోయాడు. ఆర్డరు రాయించి పంజా ముద్ర వేశాడు.

"వాళ్లకి సాయం చేస్తున్నావేమిటి?" అని చెక్కారావు గొణిగాడు.

"పెళ్లి పెద్దలకి సాయం చేయొద్దూ?" అని ఆమె రాత్రి డ్యూటీలో పడింది.

పెళ్లిరోజు వచ్చింది. మైదానం గుమ్మం దగ్గర పన్నీరు చల్లడానికి దుప్పి నిలబడింది. వచ్చినవాళ్లని చాపల మీద కూర్చోబెట్టడం దున్నపోతు వంతు. తేనె పానకానికి ఎలుగుబంటి కాపలా. పూలదండలు కోతి చేతిలో ఉన్నాయి. అందరూ కూర్చున్నారని కబురు రాగానే వధూవరుల్ని తీసుకురావడం కుందేళ్ల పని. ఆలస్యంగా వచ్చేవాళ్లని తొందరపెట్టే బాధ్యత తాబేలుకి అప్పగించారు. వేదిక బాధ్యత జంబుకయ్యది. పెళ్లివారికి పనులు చెప్పకూడదని వీక్షణ మేనత్తనీ, చెక్కారావు తమ్ముణ్నీ మాత్రం వదిలేశారు.

సూర్యుడు నడినెత్తికి వచ్చాడు. గుమ్మంలోంచి ఒక్క ప్రాణి లోపలికి రాలేదు. రావడానికి ఎవరున్నారు? అందరూ పెళ్లి చేసేవాళ్లే.

"రండర్రా, వచ్చి కూర్చోండి!" అని జంబుకయ్య వేదిక మీంచి అరిచాడు.

"నా బదులు ఎవరొస్తున్నారండీ?" అని అడిగింది దుప్పి.

"దున్నపోతు వస్తుంది."

"మరి నా బదులో?" అంది దున్నపోతు.

అలా బదులు బదులు అనుకుంటూ మాట మైదానమంతా తిరిగి వేదిక దగ్గరికే వచ్చింది. "తమరే దిగి ఒకరి చోట నిలబడండి" అంది ఎలుగుబంటి.

"నేను దిగితే ఉపన్యాసం ఎవరిస్తారు?"

"పోనీ ఆర్డరు రద్దు చెయ్యండి" అంది కోతి.

"దానికి మండలి సమావేశం పెట్టాలి. సమావేశానికి రావాలంటే మీరు ఉన్నచోటు వదలాలి" అని జంబుకయ్య నీరసంగా అన్నాడు. ముహూర్తం దాటిపోయిందని కాకి చెప్పాడు. చేసేదేమీ లేక జంబుకయ్య ఖాళీ చాపలకే సమయపాలన గురించి ఉపన్యాసం మొదలుపెట్టాడు. చాలా బాగా మాట్లాడాడట. దూరానున్నవాళ్లకి వినబడలేదు, దగ్గరున్నవాళ్లకి కునుకుపట్టింది.

పెళ్లికొడుకు మాత్రం పొద్దుటినుంచీ చౌకీలోనే ఉన్నాడు. అతని డ్యూటీకి బదులు ఎవరినైనా వెయ్యాలన్న సంగతి అంత పెద్ద కమిటీలో ఒక్కరికీ తట్టలేదు.

పొద్దుగూకింది. వీక్షణ పగలంతా హాయిగా నిద్రపోయి, లేచి, ముస్తాబై కొమ్మ మీద వాలింది. మేనత్తా, చెక్కారావు తమ్ముడూ అప్పటికే వచ్చి కూర్చున్నారు.

"కాపలా ఎవరు చూస్తారు?" అన్నాడు చెక్కారావు, అప్పుడు కూడా.

"కిందికి చూడు" అంది వీక్షణ.

ఎవరైనా వస్తారేమోనని అడవంతా అన్ని దిక్కులా కళ్లు కాయలు కాసేలా చూస్తోంది. పులే వస్తే పన్నీరు చల్లి మరీ కబురు చేస్తారు. అరగంట అడిగిన వాళ్లకి సాయంత్రమంతా దొరికింది.

ఒకరికొకరు ఒక్కో మద్దిపూవు ఇచ్చుకున్నారు. కాబోయే గూడు తొలిచిన చెక్కపొట్టు మేనత్త ముక్కుతో తెచ్చి అక్షింతలుగా చల్లింది. వీక్షణ అంతంత కళ్లు చేసుకుని, రెప్ప వెయ్యకుండా తన పెళ్లి తను చూసుకుంది. చెక్కారావుకి నిద్ర ముంచుకొస్తున్నా కళ్లు మూయలేదు. నాకు తెలిసిన పెళ్లిళ్లలో ఇంత ముచ్చటైనది లేదు.

తర్వాత పద్ధతిగా వేదిక దగ్గరికి వెళ్లి జంబుకయ్యకి దండం పెట్టారు. "అయిపోయిందండీ."

ఎంతైనా నక్క కదా! జంబుకయ్య గొంతు సవరించుకున్నాడు. "మండలి ఆధ్వర్యంలో పెళ్లి దిగ్విజయంగా జరిగిందని ప్రకటిస్తున్నాను!"

పెళ్లి అయిపోతే పెళ్లిపనులూ అయిపోయినట్టే. అందరూ తమ చోట్లు వదిలి తేనె పానకం మీద పడ్డారు. మిగిలిన ఉపన్యాసం మిగిలిపోయింది. దిగ్విజయమని తనే ప్రకటించాక, ఆ జంటని విడదీస్తే ఓట్లు రాలవని జంబుకయ్యకి తెలుసు. సరిహద్దు కొండ మాట మళ్లీ ఎత్తలేదు.

నీతి: పెళ్లి నలుగురిలో జరిగిపోవాలంటే, ఊరందరినీ కమిటీలో వెయ్యాలి.